ఎడమచేతి ముద్ద

నేను ఒక పాత ఫిల్ము చుట్టను. చుట్ట అనగానే విజయనగరం వైపు అవ్వలు నిప్పు లోపలికి పెట్టుకుని అడ్డపొగ తాగే చుట్ట గుర్తుకొస్తే తప్పు మీది కాదు. నిప్పు తగిలితే అంటుకోవడంలో మేమిద్దరం ఒకటే జాతి. కాకపోతే ఆ చుట్ట కాస్త హుషారిస్తుంది, నేను కొట్లాటలిచ్చాను. ఒక ఊళ్ళో మొగుడూ పెళ్ళాలందరికీ ఒకేసారి తగువు పెట్టిన ఘనత నాది. ఆ కథ చెబుదామని ఎప్పటినుంచో ఉంది గానీ, నాకు నోరు లేదు. నేను మూకీని.

పుట్టింది తెల్లదొరల సీమలో. పత్తిని ఏవో ఆమ్లాల్లో నానబెట్టి, కర్పూరం కలిపి, పల్చగా సాగదీసి నన్ను చేశారు. పైన వెండి పూత పూశారు. ఆ వెండి పట్టి ఉండడానికి పశువుల ఎముకల్లోంచి తీసిన జిగురు వాడారు. పత్తి, కర్పూరం, వెండి అని వినగానే దండం పెట్టబోయే పెద్దలు జిగురు దగ్గర చేతులు దించేసుకుంటారు. అందుకే ఆ మాట ఎప్పుడూ ఆఖర్న చెబుతాను.

అవి యుద్ధం రోజులు. మొదటి ప్రపంచ యుద్ధం. అప్పట్లో దాన్ని మొదటిది అనేవాళ్ళు కాదు, రెండోది కూడా ఉంటుందని ఎవరూ అనుకోలేదు కనుక. ఒక తెల్లదొర నన్ను కెమెరాలో పెట్టుకుని ఇరాకు దేశంలోని బస్రా వెళ్ళాడు. యుద్ధం తీసుకురమ్మని ఆయన్ని పంపించారు. తీరా వెళితే యుద్ధం పక్క ఊళ్ళో ఉందన్నారు. పక్క ఊరికి వెళితే అది నిన్ననే మరో ఊరికి పోయిందన్నారు. పాపం, ఆయన తిరిగి తిరిగి విసిగిపోయి, కనిపించిందల్లా తీసేశాడు. పడవలోంచి దిగనని మొరాయించే గుర్రం, గెడ్డం గీయించుకుంటున్న సిపాయి, ఖర్జూరాలమ్మే ముసలమ్మ, ఒంటెని చూసి పారిపోతున్న కుక్క. నా ఒంట్లో ఒక్క తుపాకీ కూడా పేలదు. ఆ సంగతి నాకిప్పటికీ సంతోషమే.

ఒకరోజు దొర సిపాయిల భోజనం తీద్దామని వెళ్ళాడు. వెళ్ళేసరికి భోజనాలు అయిపోయి పళ్ళేలు కడిగేశారు. దొర ఒప్పుకోలేదు. మళ్ళీ వరసగా కూర్చోబెట్టి, ఖాళీ పళ్ళేలు ముందు పెట్టించి, తింటున్నట్టు నటించమన్నాడు. మిగతావాళ్ళు సిగ్గుపడుతూ చేతులు ఆడించారు గానీ, మధ్యలో కూర్చున్న ఒక కుర్రాడు మాత్రం ఆ పనిని మనసు పెట్టి చేశాడు. నూనూగు మీసం, కుడి బుగ్గ మీద పెద్ద పుట్టుమచ్చ. కుడిచేత్తో లేని అన్నాన్ని కలిపాడు, లేని పులుసు పోసుకున్నాడు, పెద్ద ముద్ద చేసి నోట్లో పెట్టుకుని, కళ్ళు మూసుకుని నమిలాడు. తర్వాత కెమెరా వైపు చూసి నవ్వాడు. అన్నం లేని ముద్దని అంత రుచిగా తిన్నవాణ్ణి నేను మళ్ళీ చూడలేదు.

నన్ను ముందు పెద్ద పట్నాల్లో ఆడించారు. అక్కడి జనానికి నా మీద మోజు తీరాక, చేతులు మారి మారి చివరికి గంపా నూకరాజు అనే ఆయన దగ్గరికి వచ్చాను. ఎడ్లబండి మీద డేరా, యంత్రం వేసుకుని ఊరూరా బొమ్మలాడించడం ఆయన వృత్తి. డేరా మధ్యలో పెద్ద తెల్లబట్ట కట్టి, బిందెలతో నీళ్ళు కొట్టి బాగా తడిపేవాడు. తడిస్తే వెలుతురు బట్టలోంచి అవతలికి కూడా దిగుతుంది, రెండు వైపులా బొమ్మ కనిపిస్తుంది. ముందు వైపు మగవాళ్ళు, వెనక వైపు ఆడవాళ్ళు. మగవాళ్ళ మధ్య కూర్చోవడం మర్యాద కాదని గడప దాటని ఆడవాళ్ళు కూడా తెర చాటు ఉందంటే చక్కగా వచ్చేవారు. మగవాళ్ళు యంత్రం దగ్గర చుట్ట వెలిగిస్తే నూకరాజు ఇంతెత్తున లేచేవాడు. వెనక అవ్వలని మాత్రం ఏమీ అనేవాడు కాదు, వాళ్ళ నిప్పు నోట్లోనే ఉంటుంది కదా అని ధీమా.

నాకు నోరు లేని లోటు తీర్చడానికి వేపా కామేశం గారు ఉండేవారు. ఒకప్పుడు హరికథలు చెప్పిన మనిషి. తెర పక్కన నిలబడి, బెత్తంతో చూపిస్తూ కథ చెప్పేవారు. నా మధ్యమధ్యలో ఇంగ్లీషు అక్షరాలు వచ్చేవి. వెనక ఆడవాళ్ళకి అవి తిరగబడి కనిపించేవి, ముందు మగవాళ్ళకి తిన్నగా కనిపించినా ఒక్క ముక్క తెలిసేది కాదు, కాబట్టి ఇద్దరికీ న్యాయం సమానంగా జరిగేది. ఒక ఊళ్ళో పోస్టుమాస్టరు ఒకాయన లేచి, ఇంగ్లీషులో గుర్రాల సంత అని ఉంటే మీరు శత్రువుల మీద దండయాత్ర అంటారేమిటని అడిగాడు. కామేశం గారికి తల కొట్టేసినట్టయింది. ఆ మర్నాడే నాలోని అక్షరాలన్నీ కత్తిరించేయించి, మిగిలిన ముక్కల్ని అతికించమన్నారు. ఆ కత్తిరింపు ఎంత దూరం వెళ్ళిందో మీకు చివర్లో తెలుస్తుంది.

అలా తిరుగుతూ సింగన్నపేట చేరాం. లచ్చన్నాయుడు అనే రైతు తన కళ్ళంలో డేరా వేసుకోనిచ్చాడు. మా పెట్టెలు ఆయన సావిడిలో పెట్టారు. నాయుడిది ఊళ్ళో పేరున్న మీసం. ఆయన భార్య సూరమ్మది ఊళ్ళో పేరున్న మాట. వాళ్ళ కూతురు పైడమ్మకి పక్క ఊరి తవిటినాయుడితో తాంబూలాలు పుచ్చుకున్నారు. ఇంతలో పటాలంలో చేరమని బ్యాండు వాయించుకుంటూ మనుషులొచ్చారట. బ్యాండు విని వెనకే వెళ్ళిన తవిటినాయుడు బ్యాండు ఆగేసరికి ఓడలో ఉన్నాడట. బస్రా వెళ్ళాడని తెలుసు, ఆ తర్వాత కబురు లేదు.

మొదటి రోజు ఆట. గుర్రం దిగనంది, కుక్క పారిపోయింది, సిపాయిలు పంక్తిలో కూర్చున్నారు. కామేశం గారు వారిని కురుక్షేత్రానికి ముందు విందారగిస్తున్న వీరులుగా వర్ణిస్తున్నారు. అంతలో డేరాకి రెండు వైపులా ఒకేసారి గోల లేచింది. తవిటినాయుడు! బతికే ఉన్నాడు, నవ్వుతున్నాడు. ముందు వైపు లచ్చన్నాయుడు పక్కవాళ్ళని కావలించుకున్నాడు. వెనక పైడమ్మ పైట నోటికి అడ్డం పెట్టుకుంది. సూరమ్మ చేతులెత్తి దండం పెట్టి, ఆ చేతులు దించకుండానే బొమ్మని తేరిపార చూసింది.

"ఓలమ్మ, ఎడంసేత్తో తింతన్నాడే," అంది.

వెనకనున్న ఆడవాళ్ళందరూ చూశారు. నిజమే. శుభ్రంగా ఎడమచేత్తో కలుపుకుని, ఎడమచేత్తోనే నోట్లో పెట్టుకుంటున్నాడు. పక్కవాళ్ళూ అంతే. ఆ చెయ్యి దేనికి వాడతారో తెలిసిన ఏ తల్లి ఊరుకుంటుంది? ఆట అయ్యాక ఇంటికొచ్చి సూరమ్మ తాంబూలాలు తిరిగి ఇచ్చేద్దామంది. లచ్చన్నాయుడు తెల్లబోయాడు. పిల్లాడు కుడిచేత్తో తిన్నాడు, నా రెండు కళ్ళతో చూశానన్నాడు. నావి కళ్ళు కావా అంది ఆవిడ.

"దేసం పోయి సెయ్యి మరిసిపోయినాడు. రేపు ఊరు మరిసిపోడా? పెల్లాన్ని మరిసిపోడా?" అని నిలదీసింది.

అదే తగువు ఆ పూట ఊళ్ళో ప్రతి ఇంట్లోనూ జరిగింది. మగవాళ్ళంతా కుడి అన్నారు, ఆడవాళ్ళంతా ఎడమ అన్నారు. ఒకరు చూసింది ఒకరు నమ్మరు. మునసబుగారి భార్య మునసబుగారికి చత్వారం వచ్చిందని తేల్చేసింది. ఒక ముసలాయన యాభయ్యేళ్ళుగా భార్య మాటకి ఎదురు చెప్పనివాడు, కుడిచెయ్యే అని ఒక్క మాట అని, రెండు రోజులు కొడుకు ఇంట్లో తిన్నాడు. నూకరాజుకి మాత్రం పండగ. చెయ్యి సంగతి తేల్చుకోవడానికి అందరూ మళ్ళీ టిక్కెట్లు కొన్నారు, మళ్ళీ తమ తమ వైపులే కూర్చున్నారు, మళ్ళీ కొట్టుకున్నారు. మనుషులకి ఎదుటివాళ్ళ కళ్ళు పాడయ్యాయని ఎంత సులువుగా తోస్తుందో, ఒక్కసారి లేచి వాళ్ళ చోట కూర్చుందామని అంత సులువుగా తోచదు.

తోచింది ఒక్క పైడమ్మకే. అయితే ఆ పిల్లకి తెలిసిన దారి వేరు. బొమ్మలో తవిటినాయుడి పుట్టుమచ్చ ఎడమ బుగ్గ మీద ఉంది. అది కుడి బుగ్గ మీద ఉండాలని ఆమెకి బాగా తెలుసు. కానీ ఆ మాట అమ్మతో ఎలా అంటుంది? తాంబూలాల నాడు తలవంచుకు కూర్చోవలసిన పిల్ల పెళ్ళికొడుకు బుగ్గలు ఎప్పుడు చూసిందని అడగదూ? అందుకని ఊరుకుంది. మర్నాడు నా పెట్టె ఎదురుగానే దండెం మీద తడిచీర ఆరేసింది. అంచు మీద చిలకలు. ఇటునుంచి చూసింది, చిలకలు వీధి వైపు చూస్తున్నాయి. తాడు కిందనుంచి దూరి అటువైపు వెళ్ళి చూసింది. అక్కడే చాలాసేపు నిలబడిపోయింది. తర్వాత అమ్మని చెయ్యిపట్టుకుని లాక్కొచ్చింది.

"ఇటు నిలబడితే సిలక ముక్కు కుడిసేతేపు ఉంది కదమ్మా. అటెల్లి సూడు, ఎడంసేతేపుంది. సిలక తిరగనేదు. మనమే తిరిగినాం," అంది.

సూరమ్మ రెండు వైపులా చూసింది. చిలక చిలకే, మనిషి మనిషే అంది. బట్ట మీద నేసిన చిలకకీ అన్నం తినే మనిషికీ పోలికేమిటని కసిరి, శుక్రవారం మంచిరోజనీ, ఆవేళే తాంబూలాలు పంపించేస్తాననీ చెప్పి లోపలికి పోయింది. పోనీ ఒక్కసారి ముందుకొచ్చి చూడమంటే, మగాళ్ళ మధ్యకా అని చెంపలు వేసుకుంది. పైడమ్మ దండెం పట్టుకుని ఏడ్చింది. నాకు చాలా బాధ వేసింది. ఆ ముద్ద కుడిచేతిదని తెలిసినదాన్ని నేనే, ఏం లాభం.

ఏడుపు అయ్యాక ఆ పిల్ల ముఖం కడుక్కుని నూకరాజు దగ్గరికి వెళ్ళింది. నూకరాజు దగ్గర ఒక పాత కెమెరా ఉండేది. ఏ ఊరెళ్ళినా ఆ ఊరి సంత తీసి, బిందెల్లో కడిగి ఆరబెట్టి, నా తోకకి అతికించి చూపించేవాడు. తమని తాము చూసుకోవడానికి జనం ఎగబడతారు. ఈసారి సంతలో మా నాన్నని తియ్యండి, ఏదైనా తింటూ ఉండగా తియ్యండి అని పైడమ్మ అడిగింది. స్థలమిచ్చిన రైతు, కాదనేందుకేముంది. నాన్నతో మాత్రం ఆమె ఒక్కటే మాట చెప్పింది, మీసం బాగా పడుతుందని. లచ్చన్నాయుడు ఆ రోజు సంతలో బంకలా సాగే నువ్వుల జీడి కొనుక్కుని, కెమెరా ముందు నిటారుగా నిలబడి, కుడిచేత్తో నోట్లో పెట్టుకున్నాడు. జీడి మీసానికి అంటుకుంది. ఊడదీసుకోవడానికి ఆయన పడ్డ అవస్థ అంతా కూడా వచ్చేసింది.

శుక్రవారానికి ముందురోజు ఆట. సూరమ్మ రానంది. నాన్న బొమ్మలో ఉన్నాడని పైడమ్మ అంటే వచ్చింది. సిపాయిల పంక్తి రాగానే ముఖం పక్కకి తిప్పుకుంది. తర్వాత సంత వచ్చింది. మేకలు, కుండలు, బెల్లం దిమ్మలు. ఆ వెనక తెర నిండా లచ్చన్నాయుడు. ఎడమచేత్తో జీడి తింటూ.

తెర వెనక ఆడవాళ్ళందరూ సూరమ్మ వైపు తిరిగారు. పైడమ్మ అమ్మ పక్కకి జరిగింది. ఇప్పుడు అమ్మకి చిలక గుర్తొస్తుంది, పాతికేళ్ళు కాపురం చేసిన మొగుడి చెయ్యి ఏదో అమ్మకి తెలుసు కదా అనుకుంది. కానీ సూరమ్మకి గుర్తొచ్చింది చిలక కాదు.

"ఇంటికాడ ఓ సెయ్యి, సంతకాడ ఓ సెయ్యా ఈ మనిసికి?" అంటూ లేచింది.

కుచ్చిళ్ళు బిగించి, ఆడవాళ్ళ చోటుకి అడ్డం పెట్టిన వెదురు తడిక తప్పించుకుని, తెర అంచు దాటి నేరుగా మగవాళ్ళలోకి నడిచింది. ముందు వరసలో మీసం దువ్వుకుంటున్న మొగుణ్ణి పట్టుకుని, తెర వైపు వేలు చూపించి, అదేం చెయ్యని అడగబోయింది. వేలు అలాగే ఉండిపోయింది. తెర మీద లచ్చన్నాయుడు కుడిచేత్తో తింటున్నాడు.

కామేశం గారు కథ మరచిపోయారు. నూకరాజుకి యంత్రం ఆపాలని ఉంది, కానీ దీపం ముందు ఆగితే నేను అంటుకుంటాను, అందుకని తిప్పుతూనే ఉన్నాడు. సూరమ్మ తెర అంచు దగ్గరికి వెళ్ళి వెనక్కి తొంగిచూసింది. ఎడమ. ముందుకొచ్చింది. కుడి. మళ్ళీ వెనక్కి వెళ్ళింది. ఆవిడ మూడోసారి తిరిగేసరికి వెనకనున్న ఆడవాళ్ళంతా ఒక్కొక్కరే లేచి, తెర అంచు దగ్గర గుంపుగా నిలబడి, తలలు ఇటూ అటూ తిప్పడం మొదలుపెట్టారు. మునసబుగారి భార్య ముందుకొచ్చి, మునసబుగారి పక్కన నిలబడి చూసి, ఆయన భుజం మీద ఉత్తరీయం సర్దింది.

"అమ్మా, సిలక," అంది పైడమ్మ మెల్లిగా.

సూరమ్మ కూతుర్ని చూసింది, తెరని చూసింది. అప్పటికి సంత అయిపోయింది. ఆవిడ కామేశం గారి వైపు తిరిగి, "బావూ, మా అల్లుడి ముక్క మల్లీ తిప్పించండి. నాను ఇటేపు కూసుని సూత్తాను," అంది.

ముందు వరస మగవాళ్ళు లేచి చోటిచ్చారు. ఎక్కడ కూర్చోవాలో తెలియక తెర వెనక్కి వెళ్ళారు. ఆ ఊరి ఆడవాళ్ళు మొదటిసారి ముందు కూర్చుని బొమ్మ చూశారు. నూకరాజు నన్ను వెనక్కి చుట్టి మళ్ళీ ఆడించాడు. గుర్రం దిగనంది, కుక్క పారిపోయింది, తవిటినాయుడు కుడిచేత్తో ముద్ద చేసుకుని నోట్లో పెట్టుకున్నాడు. తెర వెనకనుంచి ఎవరో, ఒరే ఎడంసెయ్యేరా అని అరిచారు.

తవిటినాయుడు ఇటు తిరిగి నవ్వాడు. కుడి బుగ్గ మీద మచ్చ.

"ఉంది," అంది పైడమ్మ.

"ఏటుంది?" అంది తల్లి.

"సెయ్యి," అంది పైడమ్మ, తల దించుకుని.

సూరమ్మ కళ్ళు తుడుచుకుంది. పిల్లాడు చిక్కిపోయాడంది. అయినా చూడండి, ఎంత ఇష్టంగా తింటున్నాడో, దొరలు అన్నం బాగానే పెడుతున్నట్టున్నారని పక్కావిడతో చెప్పింది. ఆ పళ్ళెంలో ఒక్క మెతుకు లేదని నాకు తెలుసు. మూగదాన్నైనందుకు నేను సంతోషించింది అదే మొదటిసారి.

తాంబూలాలు ఎక్కడికీ పోలేదు. యుద్ధం అయ్యాక తవిటినాయుడు తిరిగొచ్చాడు, పెళ్ళయింది. నూకరాజుని కూడా పిలిచారు. పెళ్ళి పంక్తిలో పెళ్ళికొడుకు విస్తరి చుట్టూ ఆడవాళ్ళందరూ మూగి చేతికేసి చూస్తూ నిలబడితే, అతను బెదిరిపోయి ముద్ద మింగలేకపోయాడని నూకరాజు చెప్పి చెప్పి నవ్వేవాడు.

తర్వాత నా కథ చప్పగానే నడిచింది. బొమ్మలకి మాటలొచ్చాయి. కామేశం గారు మళ్ళీ చిడతలు పట్టుకున్నారు. నాతోటి చుట్టల్ని వెండి కోసం కడిగేశారు, కొన్ని వాటంతటవే అంటుకుని పోయాయి. నేను నూకరాజు ఇంటి అటక మీద, ఒక రేకు పెట్టెలో, పాత పంచాంగాల కింద ముడుచుకుని పడుకున్నాను. ఎన్నాళ్ళో చెప్పలేను, అటక మీద రోజులు తెలియవు. చివరికి ఆయన మునిమనవడెవరో నన్ను తీసుకెళ్ళి, హైదరాబాదులో పాత బొమ్మలు దాచే ఒక చోట ఇచ్చాడు. అక్కడ నాకు చల్లటి గది ఇచ్చారు. బతికున్నప్పుడు ఎండలో ఎడ్లబండి మీద తిప్పి, ముసలితనంలో ఏసీ గదిలో పెట్టడం మనుషుల పద్ధతి.

అక్కడ ఒకాయన ఎంతో శ్రద్ధగా నా మీది దుమ్ము తుడిచి, చిరుగులు అతికి, యంత్రంలో పెట్టి కంప్యూటర్లోకి ఎక్కించాడు. పెట్టడం మాత్రం తిరగేసి పెట్టాడు. తప్పు పట్టుకోవడానికి నాలో ఒక్క అక్షరం కూడా లేదు, కామేశం గారి పుణ్యమా అని. ఇప్పుడు లోకమంతా ఫోన్లలో నన్ను చూస్తుంది, సింగన్నపేట ఆడవాళ్ళు వెనకనుంచి చూసినట్టుగా.

మొన్న ఒక పెద్దావిడ, మనవరాలితో కలిసి వచ్చింది. పెద్దావిడ పేరు సింహాచలమ్మ, పైడమ్మకి మనవరాలట. ఫోన్లో చూసి పుట్టుమచ్చని బట్టి తాతని గుర్తుపట్టింది. తాత పోయేనాటికి ఆవిడ చిన్నపిల్లట, మచ్చ ఏ బుగ్గ మీద ఉండేదో, ఏ చేత్తో తినేవాడో మాత్రం గుర్తు లేదు. వెంట వచ్చిన మనవరాలి పేరు హారిక, బ్యాంకులో పని. పుట్టుకతో ఎడమచేతి వాటం. చిన్నప్పుడు చేతి మీద కొట్టారట, వేప పసరు రాశారట, పెళ్ళి భోజనాల్లో పంక్తి చివర కూర్చోబెట్టారట. అన్నిటికంటే ఎక్కువ తిట్టింది ఈ మామ్మేనట. ఆ అమ్మాయి నవ్వుతూనే చెప్పింది గానీ, నవ్వుతున్న మనిషిలా లేదు.

పెద్ద తెర మీద వేసి చూపించారు. తవిటినాయుడు ఎడమచేత్తో లేని అన్నం కలిపాడు, ముద్ద చేశాడు, నోట్లో పెట్టుకుని కళ్ళు మూసుకున్నాడు. హారిక కుర్చీలోంచి ముందుకి వంగింది. సింహాచలమ్మ మళ్ళీ వెయ్యమంది. మళ్ళీ వేశారు. ఆవిడ మనవరాలి ఎడమచెయ్యి తీసుకుని తన ఒళ్ళో పెట్టుకుంది.

"మా తాతదా నీకొచ్చినాది," అంది. "నాకెవులూ సెప్పనేదు, తల్లీ. ఇకనించి నీ సేత్తో నువ్వు తిను."

హారిక ఏడ్చేసింది.

ఆ చెయ్యి కుడిచెయ్యని నాకు తెలుసు, ఆ పళ్ళెం ఖాళీదనీ తెలుసు. కానీ నేను మూకీని. మధ్యాహ్నమైంది, వాళ్ళు అక్కడే క్యారేజీ విప్పుకున్నారు.